సంతకం లేని రెండేళ్ల పదకొండు నెలలు

సహోదరులారా, సహోదరీలారా, ముందుగా ఒక మాట చెప్పి తీరాలి, అది చెప్పకపోతే మిగతాది నా నోట్లోంచి రాదు. ఈ సాక్ష్యం చెబుతానని నేను అడగడం ఇది నాలుగోసారి. మొదటిసారి శుక్రవారం ఉపవాస కూడికలో చెయ్యెత్తాను, మైకు నా ముందు వరసలో కూర్చున్న సహోదరుడి చేతికి పోయింది, ఆయన పోయిన మోటారు సైకిలు దొరికిన సంగతి తాళంచెవి దగ్గర మొదలుపెట్టి టైర్ల దాకా చెప్పాడు, నా వంతు వచ్చేసరికి ముగింపు పాట ఎత్తుకున్నారు. రెండోసారి సంఘ పెద్దలను అడిగితే, కోర్టు కేసు నడుస్తుండగా సాక్ష్యమేమిటి, తెగనివ్వండి చూద్దాం అన్నారు. మూడోసారి మన సంఘం నడిపే ఈ పత్రికకే రాసి పంపాను, పదకొండు పేజీలు, మంచి కాగితం మీద, మార్జిన్ కొట్టి మరీ. అందిందని ఒక్క ముక్క రాయలేదు. మోకాలి నొప్పి తగ్గినవారి సాక్ష్యాలు, పరీక్ష పాసైన పిల్లల సాక్ష్యాలు నెలనెలా వేస్తున్నారు, వేయండి, వాటన్నిటికీ దేవునికే మహిమ! కానీ ముప్పై నాలుగేళ్లు సర్కారు నౌకరి చేసి, రిటైరయ్యాక మూడేళ్లు పెన్షన్ కోసం తిరిగి తిరిగి, హైకోర్టు మెట్లు ఎక్కి దిగిన మనిషిని ప్రభువు ఎట్లా విడిపించాడో వినడానికి మాత్రం ఇన్నాళ్లూ ఎవరికీ తీరిక దొరకలేదు. సరే, ఇప్పుడు చెబుతాను, చివరిదాకా వినండి!

నా పేరు యాకోబు. సిద్దిపేటలో ఒక సర్కారు ఆఫీసులో సీనియర్ అసిస్టెంటుగా చేసి రిటైరయ్యాను. ఏ శాఖో రాయను, రాస్తే దానికి కూడా ఒక మెమో ఇస్తారు. నాది ఎస్టాబ్లిష్‌మెంట్ సీటు. తెలియనివారికి చెబుతున్నాను, ఆఫీసులో ఎవరు కొత్తగా చేరినా, ఎవరికి ఇంక్రిమెంటు వచ్చినా, ఎవరు సెలవు పెట్టినా, ఎవరు రిటైరైనా ఆ కాగితాలన్నీ నా బల్ల మీదుగానే పోవాలి. ఎందరినో నా చేతులతో పెన్షన్‌కు సాగనంపాను, ఒక్కరి ఫైలు కూడా తప్పు పట్టి వెనక్కి పంపలేదు పై ఆఫీసువాళ్లు. నా రిటైర్మెంటు రోజున శాలువా కప్పారు, పూలదండ వేశారు, ఎవరు వచ్చారో గుర్తుంది, ఎవరు రాలేదో ఇంకా బాగా గుర్తుంది. మూడు నెలల్లో మీ కాగితాలు అయిపోతాయి యాకోబు గారూ అని మైకులో చెప్పారు. చప్పట్లు కొట్టారు.

ఆ మూడు నెలలు మూడేళ్లయ్యాయి సహోదరులారా! మొదట ఆరు నెలలు తాత్కాలిక పెన్షన్ ఇచ్చారు, తర్వాత అదీ ఆగిపోయింది. ఈ కాలంలో రిటైరైనవారికి రావలసినవి ఆలస్యం కావడం మామూలే కదా, అందరితో పాటు నాదీ వస్తుందిలే అనుకున్నాను, కానీ నా తర్వాత రిటైరైనవాళ్ల కాగితాలు కూడా ఒక్కొక్కటిగా కదిలిపోతున్నాయి, నాది కదలదు. గ్రాట్యుటీ వస్తుందనే ధైర్యంతో ఇంటి మీద బ్యాంకు అప్పు తెచ్చి పైన ఒక గది ఎత్తించాను, దానికి కిటికీలు పెట్టకముందే పైసలు అయిపోయాయి. నా భార్య రూతమ్మ మళ్లీ కుట్టుమిషన్ ముందు కూర్చుంది, వీధిలోవాళ్ల జాకెట్లు కుడితే వచ్చేదాంతో ఇల్లు గడిచింది. నాకు షుగరు, కాలికి పుండు లేచి మానలేదు. ఒకరోజు కూరగాయలకు పోయి వచ్చేసరికి బ్యాంకువాళ్లు మా గేటుకు నోటీసు అతికించి పోయారు, వాయిదాలు కట్టకపోతే ఇల్లు వేలం వేస్తామని. ఎదురింటివాళ్లు చదువుతున్నారు. ఎవరెవరు చదివారో నేను చూశాను. ఆ కాగితాన్ని గోటితో గీకి తీయాలని చూస్తే సగమే వచ్చింది, సగం గేటుకే ఉండిపోయింది.

ఇంతకూ నా పెన్షన్ ఎందుకు ఆగిందంటే, సర్కారు నౌకరికి ప్రతి మనిషికీ ఒక లావుపాటి పుస్తకం ఉంటుంది, సర్వీసు రిజిస్టరు అంటారు, చేరిన రోజు నుంచి దిగిపోయే రోజు దాకా అతని బతుకంతా అందులోనే ఉంటుంది. ఏటేటా ఏప్రిల్‌లో ఆఫీసరు ఆ పుస్తకం తెరిచి, ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ దాకా ఈ మనిషి ఇక్కడ పనిచేశాడు, జీతపు బిల్లులతో సరిచూశాను అని రాసి సంతకం పెట్టాలి. నా పుస్తకంలో రెండేళ్ల పదకొండు నెలలకు ఆ సంతకం లేదు. ఆ కాలంలో ఈయన నౌకరి చేసినట్టు రుజువు ఏమిటి అని పై ఆఫీసు అడిగింది. రుజువు చూపిద్దామంటే అప్పటి జీతపు బిల్లులు లేవు. కొత్త జిల్లా అయినప్పుడు ఆఫీసు ఒక చోటు నుంచి ఇంకో చోటికి మారింది, పాత కట్టలన్నీ వెనక గదిలో పడేశారు, తీసి చూస్తే కాగితం లేదు, చెదపురుగుల మట్టి చేతిలోకి వచ్చింది.

ఇక్కడ ఒక సంగతి ఒప్పుకోవాలి. ఒప్పుకోవడం నాకు అలవాటు లేని పని, అయినా సాక్ష్యంలో దాచకూడదు. ఆ సంతకాలు లేకపోవడానికి కారణం నేనే.

ఇరవై ఏళ్ల కిందటి మాట. భూమయ్య సార్ అని కొత్త ఆఫీసరు వచ్చాడు. వచ్చిన నెలలోనే ఒక మీటింగులో, పద్నాలుగు మంది సిబ్బంది ముందు, నేను రాసి పెట్టిన నోటు ఫైలును ఇటు తిప్పి అటు తిప్పి చూసి, "గిదేం రాత యాకోబూ, కోడి గెలికినట్టున్నది, టైపు చేయించుకొని రాపో" అన్నాడు. అందరూ నవ్వారు. సహోదరులారా, నా రాతను! మా బడిలో పెద్ద పంతులు నా కాపీ పుస్తకాన్ని క్లాసు క్లాసుకూ తిప్పి చూపించేవాడు. మన సంఘంలో పెళ్లి శుభలేఖల కవర్ల మీద పేర్లు, క్రిస్మస్‌కు గోడ మీద వాక్యాలు నలభై ఏళ్లుగా రాసింది ఈ చెయ్యే. ఆ రోజు ఫైలు చంకలో పెట్టుకుని బయటికి వచ్చి నిశ్చయించుకున్నాను, ఈ మనిషి ముందు నా పుస్తకం తెరిచి సంతకం అడిగేది లేదు. ఏప్రిల్ వచ్చింది, ఆఫీసులోవాళ్ల రిజిస్టర్లన్నీ కట్టగట్టి ఆయన బల్ల మీద పెట్టాను, నాది మాత్రం నా సొరుగులో పెట్టి తాళం వేసుకున్నాను. మరుసటి ఏప్రిల్‌లోనూ అంతే. ఈయన బదిలీ అవుతాడు, వచ్చేవాడు పెడతాడులే అనుకున్నాను. వచ్చినాయన, నేను వచ్చిన దగ్గరినుంచే రాస్తాను, వెనకటిది నాకేం తెలుసు అన్నాడు. అప్పుడైనా జీతపు బిల్లులు తీసి చూపిస్తే, లేదా భూమయ్య సార్ దగ్గరికి పోయి అడిగితే పది నిమిషాల పని. పోలేదు. వేరేవాళ్ల పుస్తకంలో ఇలాంటి ఖాళీ కనిపిస్తే నేను వాళ్లను నిలబెట్టి చీవాట్లు పెట్టేవాణ్ని, నా పుస్తకంలో ఖాళీని మాత్రం పౌరుషం అనుకుని దాచుకున్నాను!

సరే, కోర్టుకు పోయాను. హైదరాబాదులో ఒక వకీలును పెట్టుకుని రిట్ పిటిషన్ వేయించాను. సర్కారు తరఫున జవాబు వచ్చింది, అందులో ఏడో పేరాలో ఏం రాశారంటే, పిటిషనరు స్వయంగా సర్వీసు రిజిస్టర్లు చూసే సీటులో ఉండి, తన పుస్తకంలో సంతకం చేయించుకోలేదు, ఇది ఆయన నిర్లక్ష్యమే అని. ఆ వాక్యం చదివి నాకు ఒళ్లు మండిపోయింది, ఎందుకంటే అది నిజం. మూడు కాగితాల నిండా దానికి ఖండన రాసి వకీలుకు పంపాను, ఆయన దాన్ని పక్కన పెట్టి ఒక్కటే మాట అడిగాడు.

"సార్, గా టైముల ఉన్న ఆఫీసరు బతికే ఉన్నడా? ఉంటే ఒక్క అఫిడవిట్ పట్టుకరా, ఈయన నా కింద పనిచేసిండు అని. జడ్జి ముంగట పెడితే అయిపాయె."

ఇంకో దారి లేదా అన్నాను.

"ఎందుకు లేదు, ఉన్నది. ఇంకో పదేండ్లు తిరుగుడు."

నేను ఆ రెండో దారే పట్టాను సహోదరులారా! ఎనిమిది నెలలు వాయిదాల మీద వాయిదాలు తీసుకున్నాను గానీ భూమయ్య సార్ ఊరు ఎటువైపో కనుక్కోలేదు. కనుక్కోవడమేమిటి, తెలుసు, మద్దూరు. ఆయనకు బదులు అప్పుడు మాతో పనిచేసిన ఇంకెవరితోనైనా సాక్ష్యం చెప్పించుకుందామని బయలుదేరాను. టైపిస్టు ఇంటికి పోతే ఆయన పోయి రెండేళ్లయిందట, ఫోటోకు దండ వేసి ఉంది. జూనియర్ అసిస్టెంటుగా చేసినామె ఎక్కడుందో ఎవరికీ తెలియలేదు. కుకునూరుపల్లిలో ఉన్న మూడో ఆయనకు పక్షవాతం వచ్చి మాట పోయింది, నన్ను గుర్తుపట్టి ఎడమ చేత్తో నా చెయ్యి పట్టుకుని ఏడ్చాడు, సంతకం పెట్టే కుడి చెయ్యి లేవదు. ప్రభువు ఒక్కొక్క తలుపూ మూసుకుంటూ వస్తున్నాడు, నేను మాత్రం గోడకు కిటికీ ఎక్కడుందా అని తడుముతున్నాను.

అట్లా తిరుగుతుండగా ఒక శుక్రవారం స్త్రీల ఉపవాస ప్రార్థన నుంచి రూతమ్మను తీసుకురావడానికి పోయాను. వాకిట్లో చెప్పులు విడుస్తుంటే లోపలినుంచి ఆమె గొంతు వినిపించింది, పెద్దగా ప్రార్థన చేస్తోంది.

"తండ్రీ, నా పెనిమిటికి పెన్షన్ ఇస్తవో ఇయ్యవో నీ ఇష్టం. ఇల్లు పోతే కిరాయి ఇంట్ల ఉంటం. గని గా మద్దూరు సార్ తోని ఒక్కసారి మాట్లాడేటట్టు చెయ్యి తండ్రీ. ఇరవై ఏండ్ల సంది గా మనిషి మా ఇంట్ల మా ఇద్దరి నడుమ కూసోని అన్నం తింటుండు. ఇగ ఆయన్ను ఎల్లగొట్టు దేవా."

ముప్పై మంది ఆడవాళ్లు ఆమెన్ అన్నారు! ముప్పై మంది! నా ఇంటి గుట్టు, నా పరువు, అన్నీ తీసుకుపోయి సంఘం మధ్యలో పరిచింది. నేను తిరిగి చెప్పులు వేసుకుని ఒక్కణ్నే ఇంటికి వచ్చేశాను, ఆమె ఆటోలో వచ్చింది. అన్నం పెడితే వద్దన్నాను. "తినకపో. ఇయ్యాల నాకు ఉపాసం, నీకు గూడ ఉపాసమే అయితది, పుణ్యం దక్కుతది" అంది.

మరుసటి రోజు పొద్దున పైన కిటికీలు లేని గదిలోకి పోయి, ఇటుకల మీద గోనెసంచి వేసుకుని మోకరించాను. ఏం ప్రార్థించానో మాట తప్పకుండా చెబుతాను. "ప్రభువా, నీకు అన్నీ తెలుసు. ఆ భూమయ్య సార్‌ను తప్ప ఇంకెవరినైనా చూపించు. ఆయన నన్ను పద్నాలుగు మందిలో అవమానం చేశాడు. టైపిస్టు నవ్వాడు. సంఘ పెద్దలు నా మాట వినలేదు. శాలువా కప్పిన రోజు ఇద్దరు రాలేదు. నా భార్య నన్ను నలుగురిలో పెట్టింది..." అట్లా చెప్పుకుంటూ పోయాను, ఒక్కొక్కరి పేరు, ఒక్కొక్క మాట, ఎండ గదిలోకి ఇంత పొడుగు వచ్చింది, ఇంకా అయిపోలేదు. అప్పుడు నాకు తెలిసింది సహోదరులారా! ఇంతసేపూ నేను ప్రార్థన చేయడం లేదు, దేవుని ఆఫీసులో ఫిర్యాదు దాఖలు చేస్తున్నాను, ఆ ఫిర్యాదులో నా పేరు ఎక్కడా లేదు, తప్పు చేసినవాళ్ల పట్టికలో అందరూ ఉన్నారు, పుస్తకాన్ని సొరుగులో పెట్టి తాళం వేసినవాడు లేడు! నాకు ఆకాశం నుంచి స్వరమేమీ రాలేదు, వచ్చిందని అబద్ధం చెప్పను. మోకాళ్లు నొప్పి పుట్టాయి, నా మీద నాకే విసుగొచ్చింది. "పోతా తండ్రీ. కానీ నువ్వు కూడా రా" అన్నాను. అంతే నా ప్రార్థన. నా జీవితంలో నేను చేసిన అతి చిన్న ప్రార్థన అదే, దేవుడు వెంటనే విన్న ప్రార్థన కూడా అదే! హల్లెలూయ!

సోమవారం చేర్యాల మీదుగా బస్సెక్కి మద్దూరు పోయాను. భూమయ్య సార్ ఇంటి ముందు మంచం మీద కూర్చుని పల్లికాయ ఒలుస్తున్నాడు, బాగా ముసలివాడయ్యాడు, రెండు చేతులూ వణుకుతున్నాయి, గింజలు చేటలో కన్నా కిందనే ఎక్కువ పడుతున్నాయి. నేను నమస్తే పెట్టేలోపే గుర్తుపట్టాడు.

"యాకోబా? రా, కూసో" అని తానే లేచి కుర్చీ జరిపాడు.

బస్సులో వచ్చినంతసేపూ అఫిడవిట్ సంగతి ఎట్లా ఎత్తాలో వల్లె వేసుకున్నాను. తీరా నోరు తెరిస్తే ఇరవై ఏళ్లది బయటికి వచ్చింది. "సార్, మీరు నా రాతను కోడి గెలికినట్టున్నదన్నరు" అన్నాను.

ఆయన ఒలుస్తున్న కాయ పట్టుకుని నా వైపు వంగాడు. "నేనన్ననా?"

"అన్నరు సార్. పద్నాలుగు మంది ముంగట."

"అని ఉంట. గప్పుడు నా నోరు గట్లనే ఉండె, మా ఆమె గూడ తిట్టేది." ఒక కాయ ఒలిచి గింజలు నా చేతిలో పెట్టాడు. "నాకైతే గది యాదికి లేదు యాకోబూ. గని ఆఫీసుల అందరు పొద్దుగాల నమస్తే పెడుతుంటిరి, మూడేండ్లు పెట్టనిది నువ్వొక్కనివే. గది యాదికున్నది. ఇంటికి పోయి మా ఆమెతోని అంటుంటి, గా యాకోబుకు నేనేం జేసిన్నే అని."

ప్రియులారా, నేను ఇరవై ఏళ్లుగా మోసిన రాయి ఆయన విసిరినట్టు ఆయనకే తెలియదు, నేను విసిరిన రాయి మాత్రం ఆయన ఇంట్లో అన్నేళ్లూ ఉంది! నా లెక్కలో ఎప్పుడూ నాకు జరిగినవే ఉన్నాయి, నేను చేసినది ఒకటి ఉంటుందని నాకు తట్టనే లేదు. "తప్పయింది సార్, మన్నించుండ్రి" అన్నాను, ముప్పై నాలుగేళ్ల సర్వీసులో నేను ఎవరికీ అనని మాట. ఆయన, ఊకో, తాగుటానికి నీళ్లు తెప్పిస్తా అన్నాడు. అప్పుడు పెన్షన్ సంగతి, ఇంటికి అతికించిన నోటీసు సంగతి, వకీలు అడిగింది అన్నీ చెప్పాను. ఆయన ఒక్క ప్రశ్న కూడా వేయకుండా లోపలినుంచి పెన్నూ కాగితాలూ తెప్పించి నా ముందు పెట్టాడు.

"నువ్వే రాయి. నా చేతులు జూస్తున్నవు గద. సంతకం ఎట్లనో గట్ల గీకుత. నీ అచ్చరాలైతే మంచిగుంటయి."

ఆ మాట కోసం ఇరవై ఏళ్లు! కళ్లు మసకబారి మొదటి లైను వంకర పోయింది, కాగితం మార్చి మళ్లీ రాశాను.

రాస్తుంటే ఆయన అన్నాడు, "ఎల్లయ్యది గూడ రాయి."

ఏ ఎల్లయ్య అన్నాను. చూడండి సహోదరులారా, ఏ ఎల్లయ్య అని అడిగాను! మా ఆఫీసులో అటెండరు ఎల్లయ్య, నాకు రోజూ చాయ్ తెచ్చినవాడు. ఆఫీసులో అందరి పుస్తకాలూ పెట్టాను అని పైన రాశాను కదా, అది పూర్తిగా నిజం కాదు. నా పుస్తకం సొరుగులో పెట్టుకున్న రోజు ఎల్లయ్య వచ్చి తన పుస్తకం కూడా కట్టలోంచి తీసి నా చేతికిచ్చాడు. నా పక్షాన ఒక్కడైనా ఉన్నాడని సంతోషపడి దాన్ని కూడా సొరుగులో పెట్టాను, తర్వాత మరిచిపోయాను. నన్ను చూసి నవ్విన పదమూడు మంది పేర్లు ఈ రోజుకీ వరసగా చెప్పగలను, నా కోసం నిలబడ్డ ఒక్కణ్ని మరిచిపోయాను!

"నేను అడిగిన వాన్ని, నీ బుక్కేదిరా అని," భూమయ్య సార్ చెప్పాడు. "యాకోబు సార్ ది పెట్టకుంట నాదెట్ల పెడత సార్ అన్నడు. పిచ్చోడు. గిప్పుడు ఎట్లున్నడు?"

నేను దిగిపోయిన కొన్నాళ్లకే ఎల్లయ్య, తాను రిటైరు కాకముందే, గుండె ఆగి పోయాడు. ఆయన భార్య బాలవ్వను నేను ఆఫీసు వరండాలో బెంచీ మీద చాలాసార్లు చూశాను, పెన్షన్ కోసం నేను పోయిన రోజుల్లోనే ఆమె కూడా వచ్చేది, చేతిలో ప్లాస్టిక్ కవరు, అందులో కాగితాలు. ఎందుకు వచ్చావమ్మా అని ఒక్కసారి కూడా అడగలేదు, నా బాధలో నేను ఉన్నాను. ఆమెకు రావలసిన కుటుంబ పెన్షన్‌కు కూడా అదే ఖాళీ అడ్డం, అవే రెండేళ్ల పదకొండు నెలలు. ఇద్దరికీ రెండు వాంగ్మూలాలు ఆ మంచం పక్కన కూర్చుని రాశాను, అంత శుభ్రంగా నేను ఎప్పుడూ రాయలేదు.

ఆ తర్వాత ప్రభువు చేసిన పని చూడండి! గురువారం ఆ ముసలాయన, చేతులు వణుకుతున్న మనిషి, తానే బస్సెక్కి సిద్దిపేటకు వచ్చాడు. నోటరీ ముందు రెండు కాగితాల మీదా సంతకం పెట్టాడు, పెన్ను జారిపోతే రెండో చేత్తో పట్టుకుని మరీ పెట్టాడు. నోటరీకి పైసలు నన్ను ఇవ్వనివ్వలేదు. బస్టాండు దగ్గర చాయ్ తాగాము, గ్లాసు రెండు చేతులతో పట్టుకుని, ఇగ పొద్దుగాల నమస్తే పెట్టనీకి మద్దూరు దాకా రావాల్నయా నువ్వు అని నవ్వాడు. ఎనిమిది నెలలు వాయిదాలు పడిన కేసు, ఆ కాగితం చేరాక ఒక్క పొద్దటి విచారణలో తేలిపోయింది! ఎనిమిది వారాల్లో పెన్షన్ బకాయిలూ గ్రాట్యుటీ ఇవ్వండి, ఆలస్యానికి వడ్డీ కూడా కట్టండి అని న్యాయమూర్తి ఆర్డరు వేశారు. ఎనిమిది వారాలు దాటినా ఆఫీసువాళ్లు కదలలేదు, కోర్టు ధిక్కారం నోటీసు పోయింది, అప్పుడు ఒక్కసారిగా ఫైలుకు కాళ్లు వచ్చాయి!

డబ్బు పడిన రోజు నేను కూరగాయల మార్కెట్లో చిక్కుడుకాయలు ఏరుకుంటున్నాను. ఫోన్ మోగింది, మెసేజీ చూశాను, అద్దాలు తుడుచుకుని మళ్లీ చూశాను, హల్లెలూయ అని అరిచాను, మామూలుగా కాదు, మార్కెట్ అంతా వినేటట్టు! కూరగాయలమ్మే అవ్వ ఉలిక్కిపడి, "ఏమాయె సారూ, తేలు గిట్ల కుట్టిందా?" అంది. లేదవ్వా, పెన్షన్ వచ్చింది, నా దేవుడు ఇప్పించాడు అన్నాను. "గైతె పచ్చిమిరపకాయలు ఊకెనే తీస్కపో" అని గుప్పెడు సంచిలో వేసింది. నేను ఇంటి దాకా పాట పాడుకుంటూనే పోయాను, పుండు ఉన్న కాలుతో ఎంత జోరుగా నడిచానో నాకే తెలియదు! రూతమ్మ మిషన్ ఆపి, నా ముఖం చూసి మోకరించింది. బ్యాంకుకు కట్టవలసింది కట్టాము, ఇల్లు నిలబడింది, పై గదికి కిటికీలు వచ్చాయి. దేవునికే మహిమ, దేవునికే మహిమ!

మీలో కొందరు అనుకుంటారు, ఈయన మారిపోయాడు, ఇక ఎవరినీ ఏమీ అనడు అని. అబద్ధం చెప్పను, నాకు ఇంకా అన్నీ గుర్తే ఉంటాయి. కోర్టు వేసిన వడ్డీ ఇంకా రాలేదు, దానికీ నేను వదలను, అది నా హక్కు. కానీ ఇప్పుడు నేను ఆదివారం గుడి వాకిట్లో ముందుగా వందనాలు చెబుతున్నాను, నన్ను చూసి చూడనట్టు పోయేవారికి కూడా. మంచం ఎక్కితే నిద్ర పడుతోంది. కాలి పుండు మానింది, డాక్టరు మందులంటాడు, రూతమ్మ ప్రార్థనంటుంది, నేను ఇద్దరికీ తలూపుతాను. అన్నం తినేటప్పుడు మా ఇద్దరి నడుమ ఇప్పుడు ఎవరూ కూర్చోవడం లేదు.

కాబట్టి నా ప్రియులారా, మీలో ఎవరికైనా ఎవరి ముందూ తెరవని పుస్తకం ఒకటి సొరుగులో ఉంటే, దాన్ని ఈ రోజే తీయండి. మీకు అన్యాయం జరిగి ఉండవచ్చు, జరగలేదని నేను అనను, నాకూ జరిగింది. ఆ అన్యాయాన్ని నా ప్రభువు చేతికి ఇచ్చి చూడండి, ఆయన మిమ్మల్ని ఏ ఊరికి పొమ్మంటే ఆ ఊరి బస్సెక్కండి, ఆయన మీతో పాటు ఎక్కుతాడు. నాతో ఎక్కాడు! ముప్పై మంది ఆడవాళ్ల ఆమెన్ విన్నవాడు మీదీ వింటాడు, నమ్మండి.

ఇక చివరి మాట, ఇది అందరికీ కాదు. మద్దూరు మంచం పక్కన నేను రాసిన రెండు కాగితాలూ ఒకే చేతి రాత, ఒకే ఆఫీసరు సంతకం, ఒకే నోటరీ ముద్ర. నాది కదిలింది, ఎందుకంటే నా వెనక హైకోర్టు ఉంది. బాలవ్వ వెనక ఎవరూ లేరు, ఆమె కాగితం ఏడు నెలలుగా ఆఫీసులో ఒక బల్ల మీద ఉంది. ఎల్లయ్యతో కలిసి పనిచేశానని నేను కూడా ప్రమాణ పత్రం రాసి జత చేశాను. ప్రతి సోమవారం ఆమెతో పాటు పోయి ఆ బెంచీ మీద కూర్చుంటున్నాను. పెద్దసారు మీటింగులో ఉన్నాడంటారు, ఫైలు చూస్తున్నామంటారు. ఆ ఫైలు ఎవరి బల్ల మీద ఉందో నాకు తెలుసు. ఆ తమ్ముడు మన సంఘమే, ఈ పత్రిక వాళ్ల ఇంటికి వస్తుంది, ఈ మాటలు ఇప్పుడు చదువుతున్నాడు. తమ్ముడూ, పేరు రాయను, నిన్ను నలుగురిలో పెట్టను, అది ఎంత కాలుతుందో నాకు తెలుసు. నా తప్పుకు ఎల్లయ్య ఇల్లు ఏడు నెలల నుంచి నీ బల్ల మీద ఆగి ఉంది, నీకు కావలసిన కాగితం ఇంకేదైనా ఉంటే చెప్పు, నేను రాసి తెస్తాను, ఏ ఊరికి పొమ్మంటే ఆ ఊరికి పోతాను. ఏమీ అక్కర్లేకపోతే ఎందుకు ఆపావో చెప్పు. వచ్చే సోమవారం పదకొండు గంటలకు నేనూ బాలవ్వా మళ్లీ వస్తున్నాము. నాకు కాదు, తల ఎత్తి ఆమె ముఖం చూసి, ఆ ఫైలు ఏ రోజు పంపుతావో జవాబు చెప్పు.